శరద్వర్ణనమున లోకోపమానములు

శరత్తను మాట వినఁబడినంతనే కావ్యపరిచయము గల పాఠకుని మనస్సునఁ దోఁచునది తెలుపు. వెన్నెల తెలుపు, ఱెల్లుపూవు తెలుపు, హంస తెలుపు, కలువ తెలుపు, నీరు విడిచిన మేఘము తెలుపు. కవిసమయమునుబట్టి కీర్తియుఁ దెలుపే, నవ్వును దెలుపే. ఇన్ని తెలుపు లొక్కచోఁ జేరుటచే శరత్తును వర్ణించు కవికి నుపమానములకుఁ గొఱఁత లేదు. వెన్నెల కీర్తివలె నున్నదనవచ్చును, కీర్తి వెన్నెలవలె నున్నదనవచ్చును. రెంట నే యొకటియు నింకొకదానిచేఁ గ్రొత్తగాఁ దెలియఁబడదు. దేనినైన దేనితోనైనఁ బోల్పఁగల యీ సౌలభ్యమే శరద్వర్ణనమునకుఁ గీడుగాఁ బరిణమించినదా యనునది విచారింపఁదగిన విషయము.

ఈ విచారమున కొక్క స్థలము నాలంబనముగాఁ గొనుట మేలు. అగళి పూర్వ మనంతపురమండలమున మడకశిర తాలూకాలోనిది. 2022వ సంవత్సరము ఏప్రిలు 4వ తేదిని శ్రీ సత్యసాయి జిల్లా యేర్పడినప్పు డందుఁ జేరినది. మడకశిరసీమ కర్ణాటకదేశములోనికిఁ జొచ్చుకొనిపోయిన తెలుఁగునేల. అచ్చటి బాలుఁడు తెలుఁగును గన్నడమును గలసి వినుచుఁ బెరుగుట వింత గాదు. అనంతపురపు సీమ వర్షపాతమున దేశమందెల్లఁ గడు వెనుకఁబడిన సీమలలో నొకటి. ఏఁటికి సగటున సుమారు 550 మిల్లీమీటర్ల వాన. అందును బెద్దభాగము సెప్టెంబరు, అక్టోబరు నెలలలోఁ గురియును. ఆశ్వయుజ కార్తికములు శరత్తని శాస్త్రము. కావునఁ గావ్యమున మేఘములు తొలఁగవలసిన కాలమున నచ్చటి రైతు మేఘమునకై యెదురుచూచుచుండును. కావ్యమందు నిర్మలాకాశము సౌందర్యము. అగళిపొలమున నది భయకారణము. బడిలోఁ బండితుఁడు శరదాకాశ నైర్మల్యమును గొనియాడుచున్నపుడు, బాలుఁడు కిటికీనుండి చూచునది యింట నందఱు వెఱచుచున్న యాకాశమే యైనచో, నా వర్ణనము వాని కేమి చెప్పును? ప్రశ్న మిది.

శరద్వర్ణనమునకు సంస్కృతమున మూలకందము కిష్కింధాకాండము. అందు వర్షాశరత్తులు రెండును శ్రీరామునినోట వర్ణింపఁబడినవి. ఆ శరద్వర్ణన మలంకారముకొఱకుఁ బెట్టినది కాదు. వానలు వెలిసిన పిదప సీతాన్వేషణమునకుఁ బూనుకొనుట సుగ్రీవుని యొడంబడిక. వానలు వెలిసెను, సుగ్రీవుఁడు కదలఁడయ్యెను. ఆకాశ మెంత నిర్మలమైన నంతగా వాని యాలస్యము బయటఁబడుచుండును. అనఁగా నచ్చటి నైర్మల్యమున కొక పని కలదు; అది యెత్తిపొడుపు. కాళిదాసు ఋతుసంహారమున మూఁడవ సర్గమును శరత్తున కిచ్చి, ఱెల్లుపూవులు చీరగా, వికసించిన తామర మొగముగాఁ గల క్రొత్తపెండ్లికూఁతురుగా దానిని భావించెను. తెలుఁగున నన్నయభట్టు రచనలోఁ గడపటిదిగాఁ బ్రసిద్ధిగాంచిన పద్య మారణ్యపర్వము చతుర్థాశ్వాసమునందలి శరద్రాత్రివర్ణనము. ఎఱ్ఱాప్రెగ్గడ యందుకొన్న పద్యము శరత్ప్రభాతవర్ణనము. పదునొకండవ శతాబ్దిని రాత్రియం దాఁగిన కథ పదునాలుగవ శతాబ్ది నుషస్సుతోఁ దిరిగి మొదలగుట తెలుఁగువారు మఱవని యుదంతము. ఈ విధముగాఁ దెలుఁగుకవిత్వమునకు శరత్తు కేవల మొక ఋతువు గాదు, రెండు యుగములకు నడిమి వంతెన. ఇట్టి గౌరవముగల వర్ణనమును దక్కువ సేయుట యిచ్చట నుద్దేశింపఁబడలేదు. దాని బలమెచ్చట నున్నదో చూపుటయే యుద్దేశము.

ఆ బలమును గుర్తించుటకు వ్యాకరణ మొక దారి చూపుచున్నది. పాణిని యుపమార్థమున వతి ప్రత్యయమును విధించుచుఁ దుల్యత క్రియాగతమైనపుడే యది కలుగునని నియమించెను. బ్రాహ్మణునివలె నధ్యయనము చేయుచున్నాఁ డన్నచో వతి వచ్చును. కొడుకుతో సమానముగా లావైనవాఁ డన్నచో రాదు, అచ్చటిది గుణసామ్యము గావున. తరువాతి సూత్రము వేఱర్థములఁ బ్రవర్తించును. అది యిచ్చటఁ బ్రకృతము గాదు. సమాసప్రకరణమునను నిట్టి యెఱుకయే కానఁబడును. సాధారణధర్మము నోట వచనింపఁబడినపు డుపమానము ముందుండి మేఘశ్యామాది రూపములు కలుగును. ధర్మము చెప్పఁబడనపుడు పురుషవ్యాఘ్రాది రూపములు కలుగును. మొదటిదానియందు నలుపు చెప్పి ముగింపఁబడినది. వినువానికిఁ జేయవలసిన పని లేదు. రెండవదానియందుఁ బులియందలి యే ధర్మము పురుషునందున్నదో వినువాఁడే వెదకికొనవలెను. ఇంకను నామధాతుప్రకరణమున వ్యాఖ్యాత లిచ్చు నుదాహరణములను జూచిన, శిష్యునిఁ బుత్రునివలె నాచరించు గురువును, గుడిసెయందు మేడయందువలె మెలఁగు భిక్షువును, డేగవలె నాచరించు కాకియుఁ గానవత్తురు. అవి యన్నియు నాచారార్థములు, అనఁగాఁ బ్రవర్తనమును బట్టినవి. అన్నియు దినదినము వీథిలోఁ గానవచ్చునవి. శాస్త్రకారు లుపమను రాజసభయందుఁ గాక యింటిముంగిట నెదుర్కొనిరని చెప్పుట సాహసము గాదు.

తెలుఁగున నీ భేద మింకను స్పష్టము. 'వంటి' యనునది నామమును విశేషించును: పాలవంటి వెన్నెల. 'వలె' యనునది నామమును గొని క్రియతో నన్వయించును: పాలవలెఁ బొంగెను. 'అట్లు' అనునది ధాతుజ విశేషణముమీఁద వచ్చి యొక వ్యాపారమంతయు నుపమానముగాఁ గొనివచ్చును: పాలు పితికినట్లు, చల్ల చిలికినట్లు, చాటతోఁ జెఱిగినట్లు. సరిహద్దుసీమయందలి కన్నడమున 'మాడిద హాగె' యను ప్రయోగ మీ 'చేసినట్లు'నకు సరిపోవునది. రెండు భాషలును బలుకు బాలుని కీ 'అట్లు' నేర్పవలసిన పని లేదు. వాఁడు నోరువిప్పిన నదియే వచ్చును. కావున నుపమలను గుణోపమలు, క్రియోపమలు అని యిరుదెఱఁగులుగాఁ జూచి, శరద్వర్ణనము నా గీటుఱాతిమీఁదఁ బరీక్షింపవచ్చును.

నన్నయ పద్యమునఁ జుక్కలు హారపంక్తులు, వెన్నెల కప్పురపుఁబొడి. ఇది తెలుపునకుఁ దెలుపును జూపిన గుణోపమ మాత్రమే యని తొలిచూపునఁ దోఁచును. కాని కప్పురపుఁబొడి యచ్చట నూరక యుండలేదు, వెదచల్లఁబడుచున్నది. చంద్రుఁడు చల్లుచున్నాఁడు, గాలి కలువలతావిని మోయుచున్నది, ఆకసము నిండుచున్నది. ఆ పద్యము నిలిచినది తెలుపుచేతఁ గాదు, చల్లుటచేత. తరువాతివారిలోఁ బెక్కండ్రు కప్పురమును గ్రహించి చల్లుటను విడిచిరి. కప్పురము మిగిలినది, తావి పోయినది. మఱియు నన్నయ రాజమహేంద్రవరమునందు గోదావరియొడ్డునఁ గూర్చుండి పలికిన కవి. నీరు, కలువలు, తడిగాలి యతని కెదుటనున్నవి. ఆ పద్యము దేశౌచిత్యముచేతను సత్యమే. దానినే పెన్నకడ నప్పగించినట్లు పలికించుటయందే దోషము.

వాల్మీకి శరన్నదులను వర్ణించుచు, నవి తమ యిసుకతిన్నెలను మెల్లమెల్లఁగా, సిగ్గుగల నవోఢలవలె, వెల్లడించుచున్నవనెను. ఈ యుపమకుఁ బ్రాణము 'మెల్లమెల్లఁగా' అను మాట. నీరు దినదినము తగ్గుచుండఁగా నొడ్డు కొంచెము కొంచెముగాఁ గానవచ్చుట చూచినవాఁడు గాని యిట్లు చెప్పలేఁడు. జయమంగళి పెన్నలోఁ గలియు హిందూపురప్రాంతమున నేఱు లేఁటఁ బెక్కునెల లిసుకయే చూపుచుండును. వెల్లువ వచ్చిన నొకనాఁడు వచ్చును, పోయిన నొకనాఁడు పోవును. అచ్చటి యేటికి నవోఢ సిగ్గు నారోపించినఁ జదువరి యూరకుండునేమో కాని యేఱు చూచినవాఁడు నవ్వును. అది కవి తప్పు గాదు, కవిని జదివి యేటిని జూడనివాని తప్పు.

దీనికిఁ బ్రతిగా భాగవతము దశమస్కంధమున నిరువదవ యధ్యాయమును జూడఁదగును. పోతనామాత్యుఁడును దన దశమస్కంధమున నీ వర్షాశరత్తుల ఘట్టమును దెనిఁగించెను. మూలమందలి యా యధ్యాయమున నొక్కొక్క ప్రకృతివ్యాపారమున కొక్కొక్క లోకవ్యాపార ముపమానము. కొలఁదినీటఁ దిరుగు మీలు దినదినము తగ్గు నీటి నెఱుఁగవు, కుటుంబమునఁ దగుల్కొన్న మూఢులు తగ్గు నాయువు నెఱుఁగనట్లు. సేద్యగాండ్రు గట్టికట్టలు వేసి మళ్లలోని నీటిని బోనీయరు, యోగు లింద్రియద్వారములఁ జెదరిపోవు దానిని నిరోధించినట్లు. వానలచే నాఁగియున్న వర్తకులు, మునులు, రాజులు, స్నాతకులు వెలువడి తమ తమ పనులకుఁ బోవుదురు. ఇచ్చటఁ దెలుపు మాట తక్కువ, పని యెక్కువ. ఈ యుపమలను అగళికిఁ దీసికొనిపోయిన నొక్కటియుఁ జెడదు. చెఱువు గండిపడకుండఁ గాచుట, మడి గట్టు గట్టిచేయుట, గుంటలో నీ రింకుచుండఁ జేఁపలు మూలకుఁ జేరుట అచ్చటివా రెఱుఁగనివి కావు. యమునాతీరపుఁ గథలోఁ బుట్టిన యుపమ పెన్నకడను సత్యముగా నిలిచినది. దీనినుండి యొక నియమ మేర్పడుచున్నది: గుణోపమ పుట్టినచోటనే యుండఁగోరును, క్రియోపమ దేశము దాఁటఁగలదు. వస్తువులు దేశమునుబట్టి మాఱును. కాచుట, పోఁగొట్టుకొనుట, ఎదురుచూచుట యెల్లచోట్ల నొక్కటియే.

ఈ సీమతో సంబంధముగల యుదాహరణము శ్రీకృష్ణదేవరాయలది. ఆయన రాజ్యకాలము 1509 మొదలు 1529 వఱకు. పెనుగొండ విజయనగరరాజులకు ముఖ్యదుర్గమై, 1565లో రాక్షసి తంగడి యుద్ధమునకుఁ బిమ్మట రాజధానియు నయ్యెను. ఆముక్తమాల్యద చతుర్థాశ్వాసమున వర్షర్తువును వెన్నంటి శరత్తు వర్ణింపఁబడినది. ఐనను లోకోపమానమునకు రాయల చేతివాటము ప్రథమాశ్వాసముననే తెలియును. శ్రీవిల్లిపుత్తూరి పొలములఁ గాలువలలో బాతులు తల ఱెక్కలలోఁ దూర్చి నిద్రించుచుండును. వేకువ స్నానముచేసి పోయిన బ్రాహ్మణులు పిండి మఱచిపోయిన బట్టలని కావలివారు భ్రమించి, వానిని దీసి యిత్తమని దిగుదురు. బాతులు లేచి పాఱును. పైరు కాచు పడుచులు చూచి నవ్వుదురు. ఇది భ్రాంతిమదలంకారమని పేరు చెప్పి విడిచినఁ జాలదు. బాతునకును బిండిన బట్టకును గలది తెలుపు, ముద్దకట్టిన యాకారము; అది గుణసామ్యము. కాని యా సామ్యముమీఁదఁ గావలివాని బాధ్యత, బ్రాహ్మణుని మఱపు, పడుచుల నవ్వు మూఁడును నడచినవి. గుణము క్రియగా మాఱినది. స్నానఘట్టము నెఱుఁగనివాఁడు, తడిబట్టను బిండి గట్టునఁ బెట్టుట చూడనివాఁ డీ పద్యము వ్రాయఁజాలఁడు. సార్వభౌముఁ డంతటివాఁడు తడిబట్టల ముద్దను గావ్యమునకుఁ దెచ్చుటకు సిగ్గుపడలేదు. ఆ ప్రబంధముననే విష్ణుచిత్తుఁ డతిథులకు ఋతువునుబట్టి వేఱువేఱు భోజనములు పెట్టించుట వర్ణింపఁబడినది. ఆకాశమును జూచి ఋతువును దెలిసికొను కవులు పెక్కండ్రు. విస్తరిని జూచి ఋతువును దెలుపఁగలవారు కొందఱే.

కదిరిసీమ కటారుపల్లెయందు సమాధిగల వేమన సంగతి చెప్పనక్కఱలేదు. ఉప్పును గప్పురమును జూపున కొక్కటియే, రుచి చూచినచో వేఱని యాయన చెప్పినది గుణోపమకే యెదురుచెప్పినట్లున్నది. తెలుపును బట్టి పోల్పవలదు, నాలుకమీఁద వేసికొని చూడుమనుట యందలి తాత్పర్యము. శరద్వర్ణనములలోని తెలుపుల నా మాట ననుసరించి రుచి చూచినఁ బెక్కు లుప్పై తేలును. అనంతపురమండలమున జన్మించిన రాళ్లపల్లి అనంతకృష్ణశర్మగారు (1893-1979) వేమనపై నుపన్యసించుటయుఁ, బ్రాకృతమున గ్రామజీవితమునకు నిధియైన గాథాసప్తశతిని దెనిఁగించుటయు నొకే దృష్టికి రెండు ఫలములుగాఁ గానవచ్చును.

ఇఁక శరత్తును వైయాకరణు లెట్లు చూచిరో గమనింపఁదగును. తద్ధితప్రకరణమున శరత్తునఁ బండునవి శారదములగు శాలులు. ఆశ్వయుజపూర్ణిమనాఁడు చల్లఁబడిన మినుము లాశ్వయుజకములు. ధాన్యము, విత్తనము, కోఁత, ఇవియే యచ్చటి శరత్తు. చంద్రుఁ డచ్చటఁ గానరాఁడు. వైదికాశీర్వచనమున మనుష్యుఁడు నూఱు శరత్తులు బ్రదుకవలెనని కోరుటయు జ్ఞాపకము చేసికొనఁదగినది. ఏఁటికిఁ బేరుపెట్టు భాగ్యము శరత్తునకుఁ గలిగినది వెన్నెలచేతఁ గాదనియుఁ, బంట యింటికి వచ్చిననాఁడే యేఁడు గడచినట్లగుటచేత ననియు నూహింపవచ్చును. కవులు చంద్రుని గొనిరి. వైయాకరణులు చేనిని గొనిరి. రెండును శరత్తే. బడిలో నొకటి నిలిచి రెండవది మఱుగుపడినది.

మఱుగుపడినను నోటినుండి పోలేదు. పైరు పొట్టకు వచ్చినదందురు, పైరు ఈనినదందురు. ఈ మాటలు పలుకువారు తాము రూపకము చెప్పుచున్నామని యెఱుఁగరు. పైరే గర్భిణి, వెన్నే సంతానము అను నభేద మా క్రియాపదములలో నిమిడియున్నది. శాస్త్రమున దీనిని రూఢిలక్షణ యందురు. కాళిదాసు శరత్తును బెండ్లికూఁతురనెను. రైతు శరత్తును బ్రసవ మనుచున్నాఁడు. పెండ్లికూఁతుఁ జూచి యానందింతురు. ప్రసవమున కందఱు వాకిట నిలిచి వెఱతురు. వేరుసెనగను జూడుఁడు. అది యమెరికాఖండమునుండి వచ్చిన పంట గావున సంస్కృతకవు లెఱుఁగరు. అనంతపురపు సీమకో నదియే బ్రదుకుఁదెరువైనది. దాని పూవు రాలినపిదపఁ గాడ భూమిలోనికి దిగి కాయయగును. ఆ కాడను రైతు 'ఊడ' యనెను. మఱ్ఱినుండి యా మాట నెత్తి వేలెడు మొక్కకుఁ బెట్టినవాఁ డలంకారశాస్త్రము చదువలేదు. కాని యతని చూపునఁ గ్రిందికి దిగుటయను క్రియ తప్పలేదు. ఊడలు దిగి కాయలూరునపుడు నేలఁ దడి లేకున్నఁ బంట పోవును. వరిపైరు ఫలభారమున వంగుట వినయమున కుపమానమని పుస్తకము చెప్పును. ఫలమును దాఁచుకొని పైకి నాకులే చూపు వేరుసెనగ గూఢవ్యంగ్యమునకు నెంత చక్కని యుపమానము! రాగివెన్ను పిడికిలి ముడిచినట్లుండుట సంగ్రహమున కుపమానము గాదా? ఇవి పొలమున వ్రేలాడుచున్నవి, కోయువారు లేరు.

అంతకు మించినది 'ఉత్తర చూచి యెత్తర గంప' యను సామెత. ఉత్తరకార్తె సెప్టెంబరు నడుమ వచ్చి శరత్తునకు వాకిటఁ గూర్చుండును. ఆ కార్తెలో వాన పడనియెడల నింక నాస లేదు, ఊరు విడిచి పొమ్మని యా మాట యర్థము. ఇందు నుపమ లేదు, రూపకము లేదు, దుఃఖవాచకము లేదు. గంప యను నొక్క వస్తువుచేఁ గుటుంబము, వలస, త్రోవ, తిరిగివచ్చుట కలదో లేదో యను సందేహము నన్నియు ధ్వనించుచున్నవి. ధ్వనికి గంగయందలి గొల్లపల్లెయే యుదాహరణముగాఁ జెప్పి చెప్పి యలసిన పండితున కీ గంప కనఁబడవలసినది.

ఇచ్చట నొక యాక్షేపము పుట్టును. గంపలు, గొఱ్ఱెబొచ్చు, చల్లకుండలు కావ్యమున కెక్కించిన హీనోపమాదోషము రాదా, గ్రామ్యత కలుగదా యని. దండి దీనికి ముందే సమాధానము చెప్పెను. లింగభేదమునకును వచనభేదమునకును నాతఁ డెత్తిన యుదాహరణములు చంద్రుఁ డాఁడుహంసవలెఁ దెల్లనివాఁ డనుటయు, నాకాశము సరస్సులవలె నిర్మలమనుటయు. రెండును శరత్తునకుఁ జెందినవియే యగుట చిత్రము. స్వామిభక్తి గల భటుని గుక్కతోఁ బోల్చుట హీనతకు, మిణుఁగురును సూర్యునితోఁ బోల్చుట యాధిక్యమునకు నాతఁ డిచ్చిన యుదాహరణములు. ఇంతచెప్పియు, బుద్ధిమంతుల మనస్సున కుద్వేగము కలుగనిచో నివి దోషములు కావని దండి తీర్పు. అనఁగా హీనత వస్తువునందు లేదు, ప్రయోగమునందున్నది. గ్రామ్యత యనునది యసభ్యతకుఁ బేరు గాని గ్రామమునకుఁ బేరు గాదు. మేఘసందేశమునఁ గనుబొమల విలాసము లెఱుఁగని పల్లెపడుచులు, కృషిఫలము మేఘమునం దున్నదని తెలిసి, ప్రీతితో దానిని గన్నులఁ ద్రావుదురని కాళిదాసు చెప్పెను. ఆ మేఘము ప్రేమసందేశమును మోయుచున్నను, పల్లెమీఁదుగాఁ బోవునపుడు పైరుమేఘమే. కాళిదాసున కడ్డురాని గ్రామ్యత నేఁటివారి కడ్డువచ్చుట విపరీతము.

రెండవ యాక్షేపము: కవిసమయమును విడిచినచోఁ గావ్యభాష యెట్లు నిలుచును? విడువవలె నని యెవరును జెప్పరాదు. రాజశేఖరుఁడు కావ్యమీమాంసయందుఁ గవిసమయములను విస్తరించి చెప్పినవాఁడే. ఆయనయే కాలవిభాగము చెప్పుచు నొక్కొక్క ఋతువునకు సంధి, శైశవము, ప్రౌఢి, అనువృత్తి యను నాలుగవస్థలు వర్ణింపఁదగునవి యనెను. అనువృత్తి యనఁగాఁ గడచిన ఋతువు చిహ్నములు వచ్చిన ఋతువున నింకను నుండుట. వైయాకరణుల కీ మాట యింపైనది. పూర్వసూత్రమునందలి పదము తరువాతి సూత్రమునకు వచ్చి యర్థమును బూరించుట వారి యనువృత్తి. అగళియందలి శరత్తు వర్షర్తువుయొక్క యనువృత్తి. 'వాన' యను పద మచ్చట భాద్రపదసూత్రమునుండి యాశ్వయుజసూత్రమునకు రావలెను. రాకున్న నా సూత్రమున కర్థమే లేదు. ఈ విధముగాఁ బ్రాచీనశాస్త్రముననే దేశకాలౌచిత్యమునకుఁ జోటు కలదు. క్షేమేంద్రుఁ డౌచిత్యస్థానములలో దేశమును గాలమును వేర్వేఱుగాఁ బేర్కొనుటయు నిందులకే.

క్రియోపమ యొక్క వస్తువునే రెండు విధములఁ జూపఁగల దనుటకుఁ గొన్ని వాక్యములు కల్పించి చూడవచ్చును. వాన కురిసి వెలిసినపు డిట్లు చెప్పవచ్చును: 'కవ్వము నిలిపిన కుండలో వెన్న తేలినట్లు వాన నిలిచిన యాకసమున వెలిమబ్బులు తేలినవి.' ఇందుఁ దెలుపు చెప్పకయే తెలియుచున్నది. చిలుకుట ముగిసినది, ఫలము పైకి వచ్చినది యను తృప్తి ధ్వనించుచున్నది. పంట చేతికి వచ్చిననాఁడు: 'అప్పు తీర్చి యింటికిఁ బోవు కాఁపువలె మబ్బు తేలికయై పోవుచున్నది.' కురియకయే పోయిననాఁడు: 'బాకీదారుఁడు మొగము చాటుచేసికొని యూరివెలుపలి బాటఁ బట్టినట్లు మబ్బు కొండచాటునఁ బోయినది.' మేఘ మొక్కటే, తెలు పొక్కటే. ఒకచో దానివలన సుఖము, ఒకచోఁ గఱవు. కీర్తివలెఁ దెల్లని మేఘమన్నచో నీ భేద మేమాత్రమును దెలియదు. ఆ వాక్యము రెండు సంవత్సరములకును సరిపోవును. రెంటికి సరిపోవునది రెంటికిని నిజము గాదు.

ఇది కేవలము రుచిభేదమైనచోఁ బాఠశాలాపండితులకు విన్నవింపఁబని లేదు. కాని యలంకారము నేర్పుపద్ధతి దీనిచేతనే చెడుచున్నది. పద్యము నొసఁగి యలంకారము పేరు వ్రాయుమను ప్రశ్నమునకు బాలుఁడు లక్షణమును, సమన్వయమును గంఠస్థము చేసి వ్రాయును, గుణములు సంపాదించును. ఉపమేయ మేది, ఉపమాన మేది, సాధారణధర్మ మేది, వాచక మేది యను నాలుగు మాటలతో నుపమ ముగిసిపోవును. పోలిక యనునది చూచుటకు సాధనమని వాని కెన్నఁడును దెలియదు. తన యింట నవ్వ పలికిన 'చెఱిగినట్లు, దంచినట్లు, పిడికిలి ముడిచినట్లు' అను మాటలు మోటవనియు, చూడని హంసయే యుపమాన మనియు వాఁడు నమ్మును. కొంతకాలమున కా మాటలను పలుకుట కూడ మానును. అవ్వతోడనే యవియుఁ బోవును. వానికి బదులుగా వచ్చినది కాళిదాసు గాఁడు. కాళిదాసు పేరు మాత్రమే.

కావున బోధనక్రమము తలక్రిందు గావలసియున్నది. మొదట బాలుని యింటి 'అట్లు'ను వానిచేఁ జెప్పించి, దానిలో నుపమేయోపమానములను వానిచేతనే విడఁదీయింపవలెను. 'పైరు ఈనినది' యను మాటయందు రూపకమును జూపవలెను. 'ఎత్తర గంప' యందు ధ్వనిని వినిపింపవలెను. పిదప మడికట్టను జూపి భాగవతమును, తడిబట్టను జూపి యాముక్తమాల్యదను, తగ్గుచున్న చెఱువునీటిని జూపి కిష్కింధాకాండమును జెప్పవలెను. అప్పుడు నన్నయగారి వెన్నెలయు వానికిఁ దెలియును. తన సీమలోఁ గలువలు తక్కువయైనను, గోదావరియొడ్డునఁ గూర్చున్న యొక కవి తాఁ జూచినదానిని దాఁ జెప్పెనని, చల్లుట చూచి చల్లుట చెప్పెనని వాఁడు గ్రహించును. పరదేశపు టాకాశమును గౌరవించుట తన యాకాశమును జూడ నేర్చినవానికే సాధ్యము.

శరత్తు తెల్లనిదే, సందేహము లేదు. కాని యా తెలుపు చల్లకుండలోని వెన్నదో, కురియని మబ్బుదో తెలిసికొని చెప్పినవాఁడే కవి. తెలిసికొనునట్లు చదివించినవాఁడే పండితుఁడు.